చేయి కడుక్కో, అంతే

"సెయ్యి కడుక్కున్నావా?" అంది మంచం మీంచి. "కడుక్కున్నాను దీదీ, పడుకో," అన్నాను. దీదీ పోయేముందు మా ఆఖరి మాటలు అవే.

ఆవిడ పక్క క్వార్టర్ ఆంగ్లో ఇండియన్ దీదీ. మల్బరీ పళ్లలో పంచదార వేసి, పైన పిండిముద్దలు పరిచి, రేకు ఓవెన్‌లో కాల్చేది. దాన్ని కాబ్లర్ అనేది. మా ఆయన పోయాక ఒకరోజు పైన పిండిముద్దలు నన్నే పరవమంది.

"ముండమోసినదాన్ని. తీపిలో నా సెయ్యేటి దీదీ? మావోళ్లు తినరు."

"సెయ్యి కడుక్కో, అంతే."

పిండి మీద నా వేలిముద్రలు చూపించి మరీ క్వార్టర్ల లైనంతా పంచింది. కొందరు గుమ్మంలోనే వద్దన్నారు. వాళ్ల ముక్కలు అక్కడే నిలబడి తినేసింది.

ఇప్పుడు అలిసిపోయాను. అయినా రేపు మనవరాలి పుట్టినరోజుకి ఆ కాబ్లర్ నేనే చెయ్యాలని ఉంది.

నే సెప్పిందంతా రాసినావేటి కోడలా? ఓపాలి సదివి ఇనిపించు.