వాన బొమ్మకు నకలు

నా చిన్నప్పుడు, 1957 నవంబర్ 10వ తేదీ, ఆదివారం, పొద్దున తొమ్మిదీ ఇరవైకి నేను ఒక పుస్తకంలోంచి ఒక పేజీ కోశాను. సమయం గుర్తుండటానికి కారణం ఉంది. మా తాత నన్ను గోడ గడియారం చూసి రమ్మన్నాడు. నేను చూసి వచ్చి చెప్పగానే స్నానానికి లేచాడు. ఆయన అటు వెళ్ళగానే నేను ఆ పని చేశాను. నాకప్పటికి తొమ్మిదేళ్ళ నాలుగు నెలలు. చెడగొట్టాలని కాదు, సాయం చేద్దామనే చేశాను.

మాది ధర్మపురి. మా తాత, అంటే మా బాపు తండ్రి, చెక్క మీద బొమ్మలు చెక్కి అచ్చులు చేసేవాడు. జాతరలో అమ్మే చిన్న పుస్తకాల అట్ట మీద నరసింహస్వామి, పంచాంగం మొదటి పేజీలో వినాయకుడు, పెండ్లి పత్రికల మీద అరటిచెట్లు ఆయన అచ్చుల నుంచే వచ్చేవి. జగిత్యాలలో ఒక ప్రెస్సువాళ్ళు తీసుకుపోయేవారు. ఏ బొమ్మ కిందా ఆయన పేరు ఉండేది కాదు.

ఆయన పద్ధతి ఇది. బొమ్మను ముందు కాగితం మీద గీస్తాడు. టేకు పలకకు గంజి రాసి కాగితాన్ని బోర్లా అంటిస్తాడు. ఆరినాక పైన పల్లినూనె రుద్దితే గీతలు కుడి ఎడమలు తారుమారై కనబడతాయి. అప్పుడు గీతలను విడిచి చుట్టుపక్కల చెక్కనంతా తీసేస్తాడు. చెక్కుతున్నకొద్దీ కాగితం తునకలై రాలిపోతుంది. చివరికి సిరా పూసి అచ్చు వేస్తే బొమ్మ సరిగ్గా పడుతుంది. ఊహ తెలిసినప్పటి నుంచి అదే చూశాను కాబట్టి, ఏ బొమ్మనైనా చెక్కేవాడికి ఇవ్వాలంటే పలకకు బోర్లా అంటించి ఇవ్వాలనే అనుకునేదాన్ని.

ఆ ఏడు తాత కుడికంటికి పొర కమ్మింది. ఎడమకన్ను మసకబారుతోంది. లక్సెట్టిపేట నుంచి తెప్పించి రెండేళ్ళు నీడన ఆరబెట్టిన పలక ఒకటి ఇంట్లో ఉండేది. ఫాల్గుణంలో జాతర నాటికి దాని మీద స్వామిని చెక్కి, ఇక ఉలి పట్టనని అందరికీ చెప్పి ఉన్నాడు.

పుస్తకం తెచ్చింది మా బడి సారు. కరీంనగర్‌లో ఒక గ్రంథాలయం నుంచి తన పేరు మీద తీసుకుని శుక్రవారం సాయంత్రం మా ఇంటికి తెచ్చాడు. పదిహేను రోజుల గడువు. వేరే దేశాల్లో చెక్క మీద బొమ్మలు చెక్కిన పనివాళ్ళ గురించి ఇంగ్లీషులో రాసిన పుస్తకం. తాత దాన్ని ఒళ్ళో పెట్టుకుని, "చెక్కెటోళ్ల మీద గూడ పుస్తకం రాస్తరా సారూ?" అని అడిగాడు. సారు అవునన్నా నమ్మలేనట్టు మళ్ళీ అట్ట చూశాడు.

తాతకు ఇంగ్లీషు రాదు. సారు బొమ్మల కింది మాటలకు అర్థం చెప్పాడు. ఒక బొమ్మలో చెక్కేవాడి బల్ల ఉంది, దాని మీద నీళ్ళు నింపిన గాజు బుడ్డి. వెలుతురును పలక మీదికి మళ్ళించడానికట. ఇంకో పేజీ దగ్గర తాత ఆగిపోయాడు. ఒక ముసలామె కట్టెల మోపు దించుకుని రాయి మీద కూర్చుంది. మీద వాన పడుతోంది. నల్లటి ఆకాశంలో సన్నని తెల్లటి గీతలే వాన. తాత పుస్తకాన్ని ఎడమకంటికి దగ్గరగా పట్టుకుని చాలాసేపు చూశాడు.

"మనం గీతను విడిచి చుట్టూ తీస్తం. గీ బొమ్మ చెక్కినాయన తీసిందే గీత. వాననే చెక్కిండు సారూ," అన్నాడు. ఇట్ల ఒక్కసారన్నా చెక్కి చూడాలని శనివారమంతా అంటూనే ఉన్నాడు.

ఆదివారం నేను ఆ పేజీ కోసి, స్వామి కోసం ఉంచిన పలకకు గంజి రాసి, బోర్లా అంటించాను. తాత స్నానం చేసి వచ్చేసరికి అరచేత్తో ముడతలు పోయేలా రుద్దుతున్నాను, అచ్చం ఆయనలాగే. ఆయన ఒక మూల గోరుతో లేపి చూశాడు. కాగితం చిరిగింది. ఇంక ముట్టుకోలేదు. మెచ్చుకుంటాడని నేను ఎదురు చూస్తున్నాను. ఆయన గోడకు ఆనుకుని కూర్చున్నాడు. ఆ మొహం చూశాక నాకు అర్థమైంది.

మా అవ్వ, అంటే మా అమ్మ, నన్ను కొట్టబోతే తాత అడ్డుకున్నాడు. సారుకు ఏం చెప్పాలో, పుస్తకం ఎట్లా తిరిగి ఇవ్వాలో అవ్వకు తోచలేదు. తాత మాత్రం పల్లినూనె తెమ్మని నాకు చెప్పాడు. ఆ పలక మీదే ఆ బొమ్మను చెక్కి, అచ్చు వేసి, పోయిన పేజీ చోట పెడతానన్నాడు. అవ్వకు కోపం ఆగలేదు.

"స్వామిని పక్కకు వెట్టి కట్టెల ముసల్దాన్ని చెక్కుతరా మామా? కండ్లు ఎన్ని పొద్దులు పనిజేస్తయని?"

"స్వామి గుడిల ఉన్నడు బిడ్డా. గీ ముసల్ది గా పుస్తకంలనే ఉన్నది," అన్నాడు తాత.

సోమవారం మొదలుపెట్టాడు. గుండ్రటి గాజు బుడ్డిలో నీళ్ళు నింపి, ఎండ పడే గడపలో పెట్టి, ఆ వెలుతురు పలక మీద పడేలా కూర్చున్నాడు. ఎండ జరిగినప్పుడల్లా బుడ్డిని జరపడం నా పని. మసకగా ఉన్నచోట వేలి కొసతో తడిమి చెక్కేవాడు. ఆకాశాన్ని విడిచి వానను తీశాడు. తొమ్మిది రోజులు పట్టింది. ఆ తొమ్మిది రోజుల్లో నన్ను ఒక్క మాట అనలేదు. తిడితే బాగుండుననిపించేది.

చివరి రోజు, అంటే 19వ తేదీ మంగళవారం, బొమ్మ కింద సన్నని పట్టీ అంత చెక్క మిగిలింది. పెన్సిలు నా చేతికిచ్చి, అక్కడ 'నకలు' అని తిరగేసి రాయమన్నాడు. భూమి కాగితాలకు తహసీలు కచేరీలో రాసిచ్చే ప్రతి మీద ఆ మాట ఉంటుందని మావైపు చదువు రానివాళ్ళకు కూడా తెలుసు. మూడుసార్లు తప్పు రాశాను, నాలుగోసారి కుదిరింది. ఇంత చిన్న అక్షరాలు తనకు కనబడవంటూ చిన్న ఉలి కూడా నా చేతిలోనే పెట్టాడు. మధ్యలో చెయ్యి జారి 'క' వంకరైంది. సరిచేయమంటే, ఉండనీ అన్నాడు.

మరునాడు సిరా పూసి, కాగితం పరిచి, చెంచా వెనకవైపుతో రుద్ది అచ్చు తీశాం. నాలుగు కాగితాలు పాడయ్యాయి. ఐదోది నిలిచింది. దాన్ని పుస్తకంలో అంటించాక తాత పలకకు రంద, అంటే చిత్రిక, పట్టి బొమ్మనంతా తీసేశాడు. ఒకటి పోయింది, ఒకటే ఇవ్వాలన్నాడు.

శుక్రవారం తాత నన్ను సారు ఇంటికి తీసుకుపోయాడు కానీ, చెప్పవలసింది నన్నే చెప్పమన్నాడు. చెప్పాను. సగంలో ఆగి, మళ్ళీ మొదటి నుంచి చెప్పాను. సారు పేజీ తెరిచి చూశాడు. వాన దగ్గర వేలు పెట్టి అట్లాగే ఉండిపోయాడు. తర్వాత కింద వంకర అక్షరాలు కనబడ్డాయి. మొహం వాడిపోయింది. పుస్తకం ఆయన పేరు మీద ఉంది, మాట పడేది ఆయనే.

"గీ మాట లేకుంటె ఎవ్వరు గుర్తువట్టకపోదురు గదా," అన్నాడు మెల్లగా.

"గందుకే పెట్టిచ్చిన సారూ," అన్నాడు తాత.

సారు పుస్తకం మూసి సంచిలో పెట్టుకున్నాడు. మరునాడు కరీంనగర్ పోయి, తానే ఆ పేజీ తెరిచి చూపించాడట. వాళ్ళు చాలాసేపు చూసి, రిజిస్టరులో 'ఒక బొమ్మ నకలు' అని రాసుకుని పుస్తకం తీసుకున్నారట.

పుష్యమాసంలో తాత ఆ పలక మీద స్వామి బొమ్మ అంటించాడు. బుడ్డి పెట్టుకుని నాలుగు పొద్దులు కూర్చున్నాడు. గీత ఏదో, చెక్క ఏదో తెలియలేదు. ఐదోరోజు ఉలులన్నీ గుడ్డలో చుట్టి అవ్వకు ఇచ్చాడు. అవ్వ తీసుకుని లోపల పెట్టింది. ఆ ఏటి జాతర పుస్తకం మీదికి హైదరాబాదు నుంచి లోహపు అచ్చు వచ్చింది. కంటి పొర చెక్కుడు పని వల్ల రాదని, వయసుతో వస్తుందని తర్వాత డాక్టరు చెప్పాడు. అది నిజమే. కానీ ఉన్న చూపులో ఆఖరి తొమ్మిది రోజులు ఎక్కడ ఖర్చయ్యాయో నాకు తెలుసు.

నేను పెద్దయ్యాక కచేరీలో ముప్పైఒక్క ఏండ్లు కాగితాలకు ప్రతులు రాశాను. తోటివాళ్ళు రాయడం అయ్యాక చివర 'నకలు' అని వేసేవారు. నేను తెల్ల కాగితం మీద ముందు ఆ మాట రాసుకుని, తర్వాతే మిగిలింది మొదలుపెట్టేదాన్ని. నా చేత తప్పు జరిగినప్పుడు కూడా అంతే, ముందు అది చెప్పి తర్వాత దిద్దుకోవడం అలవాటైంది.

1966లో నేను ఆ పుస్తకం కోసం కరీంనగర్ వెళ్ళాను. గ్రంథాలయం ఇల్లు మారిందట, వెతికినా పుస్తకం దొరకలేదు. కాబట్టి లెక్క ఇది. పోయినవి: అసలు బొమ్మ ఒకటి. దాని నకలు ఒకటి. తాత చెక్కవలసిన నరసింహస్వామి ఒకటి. నకలులో వాన గీతలు రెండు వందల పన్నెండు, అచ్చు తీసిన రోజే లెక్కపెట్టాను. అసలులో ఎన్ని ఉండేవో, కోసే ముందు లెక్కపెట్టలేదు.