యాకూబ్ అన్న కొట్టెయ్యని నా పేరు

సహోదరులారా, సహోదరీలారా, ప్రభువు నామంలో మీకందరికీ వందనాలు! రెండేళ్లపాటు నేను ఎవ్వరినీ నమ్మలేదు, నా భార్య సుగుణ ఫోన్లో మెల్లగా మాట్లాడితే తలుపు చాటున నిలబడి విన్నాను, ప్రార్థన చేయడానికి వచ్చిన పాస్టరుగారు నా కేసు సంగతి అడిగితే ఈయనకెందుకు అనుకున్నాను, ఇదే మందిరంలో వెనక గోడకు ఆనుకుని కూర్చుని, ఎవరెవరు నన్ను చూసి గుసగుసలాడుతున్నారో కనిపెట్టుకుంటూ పాటలు పాడాను! నవ్వకండి, నిజమే చెబుతున్నాను.

నా పేరు ఏసోబు, ఎనుమాముల మార్కెట్లో హమాలీని, మిర్చి బస్తాలు మోసి బతికినవాణ్ణి. యార్డు ముందు రోడ్డు దాటుతుంటే వ్యాను గుద్ది కుడి భుజం నుజ్జునుజ్జయింది. దవాఖానలో రాడ్లు వేశారు గానీ చెయ్యి పైకి లేవదని తేల్చేశారు. పరిహారం కోసం వరంగల్ కోర్టులో కేసు వేశాం. తీర్పు రోజు నెత్తిన పిడుగు పడినట్టయింది! దవాఖాన ఖర్చుకు మరికాస్త కలిపి ఇచ్చి, ఇతని సంపాదన ఏమీ పోలేదు అన్నారు. ఎందుకంటే ఇన్సూరెన్సు వాళ్లు మా హమాలీ జట్టు పుస్తకం పట్టుకొచ్చారు. ప్రమాదం తర్వాత కూడా వారం వారం అందులో నా పేరు, పేరుకెదురుగా కూలి వాటా, కింద మా మేస్త్రి యాకూబ్ అన్న సంతకం!

నేను మంచంలో పడి ఉంటే యార్డులో నా పేరు మీద కూలి ఎవరికి పోతోంది? అన్నే తింటున్నాడు, పైగా పుస్తకం కంపెనీకి అమ్ముకున్నాడు అనుకున్నాను. నాకు పని నేర్పిన మనిషి ఇంటికి వస్తే తలుపు తియ్యలేదు, ఆయన పేరు ఎత్తితే ఊరుకోనని సుగుణ నోరు మూయించాను. హైకోర్టులో అప్పీలు వేస్తే మా వకీలు, "యాకూబ్‌ను తోల్కరా, అసలు ముచ్చట ఆయన చెప్తెనే పనైతది" అన్నాడు. ఓహో, వకీలు కూడా వాళ్లతో కలిసిపోయాడు అనుకున్నాను! అప్పటి నా ప్రార్థన వినండి: "ప్రభువా, నన్ను ముంచినోని నోట్ల మన్ను కొట్టు, వాని ఇల్లు ఆగం చెయ్యి!" ఉపవాసం ఉండి మరీ అడిగాను, ఛీ!

ఒక శుక్రవారం ఉపవాస కూటంలో అదే ప్రార్థన పైకి చేస్తుంటే సుగుణ ఏడుస్తూ లేచి నిలబడింది. "ప్రభువా, నన్ను క్షమించు! ఈయన శాపం పెడుతున్న అన్ననే, దెబ్బ తగిలిన కాన్నుంచి ప్రతి శనివారం మాకు పైసలు పంపుతాండు. పని చెయ్యని కూలి అని తెలిస్తే ఈయన తీసుకోడని, నేను మిర్చి ఏరిన కూలి అని అబద్ధం చెప్పిన. కోర్టుల ఓడినంక నిజం చెప్పనీకి భయమైంది తండ్రీ!" అని మొరపెట్టుకుంది.

మా జట్టులో దెబ్బ తగిలినవాడి పేరు కొట్టెయ్యరు, బస్తా ముట్టకపోయినా వాటా కడతారు, ఆ ఆనవాయితీ నాకు తెలియనిదా? కానీ మహా అయితే నాలుగు వారాలు ఇస్తారు, ఇన్నేళ్లా, అయ్యో!

మర్నాడు పొద్దున్నే పోయి అన్న కాళ్లు పట్టుకున్నాను. పుస్తకం ఎందుకిచ్చావన్నా అంటే, "కంపెనోళ్లు వచ్చి, ఏసోబు మీ జట్టోడేనా అని అడిగిండ్రు. మావోడే, సూడుండ్రి అని బుక్కు సూపెట్టిన, అడిగితే ఇచ్చిన. నీకు మేలైతదనుకున్న తమ్మీ, గిట్లైతదని నాకేమెరుక?" అన్నాడు. ఆ వారమే అన్నతో పాటు జట్టంతా వకీలు దగ్గరికి వచ్చి, పని చెయ్యకుండానే వాటా ఇచ్చామని ప్రమాణం చేసి రాసిచ్చారు. హైకోర్టు నమ్మింది, పరిహారం పెంచింది! దేవునికే మహిమ!

ఇంకొక్క మాట చెప్పి కూర్చుంటాను. ఆ పొద్దున అన్న ఇంట్లో, "అమ్మ యాడున్నదన్నా?" అని అడిగాను. తన కొడుకుతో పాటు నాకు కూడా సద్ది కట్టి పంపిన తల్లి. అన్న నన్ను పక్కన కూర్చోబెట్టుకున్నాడు. "అమ్మ పోయి ఏడాదాయె తమ్మీ. ఏసోబు రాలేదా అని రెండుసార్లు అడిగింది" అన్నాడు.

సహోదరులారా, నా దేవుడు నా అప్పీలు గెలిపించాడు, ఆయనకు వేల వందనాలు. ఆ తల్లి మట్టికి పోయి, సమాధిలో పిడికెడు మన్ను వేసే భాగ్యం మాత్రం నా చేతులారా పోగొట్టుకున్నాను. మీ మనసులో ఎవరి మీదైనా అనుమానం ఉంటే భారం ప్రభువు మీద వేసి, ఈరోజే, అన్నానికి కూర్చోకముందే, వాళ్ల ఇంటికి పోండి. నేను ఏడాది ఆలస్యంగా పోయాను. ఆమేన్.