నోరు తెరిచిన కాగితం ముఖం

బడిలో పిల్లలకు మధ్యాహ్న భోజనం వడ్డిస్తుండగా ఫోన్ వచ్చింది. "ఏమే, మన గ్రీకు సార్ పోయిండంటనే. పొద్దుగాల చాయ్ తాక్కుంట కూసున్నోడు కూసున్నట్టే ఒరిగిండంట" అని నా కాలేజీ స్నేహితురాలు ఏడ్చింది. తిమ్మాజిపేట నుంచి నేను గద్వాల చేరేసరికి సార్‌ను తీసుకుపోయారు. ఆఖరి చూపు దక్కలేదు.

ఆయన మాకు చెప్పింది ఇంగ్లీషు. బతికింది మాత్రం గ్రీకులో. అట్ట ఊడిన నిఘంటువు ముందేసుకుని, ఎప్పటివో నాటకాలను సొంతంగా చదువుకున్నారు. "గద్వాలల గ్రీకు ఎవరిక్కావాలె సార్" అని తోటి లెక్చరర్లు ఎగతాళి చేస్తే నవ్వి ఊరుకునేవారు. ఆ నాటకాలు కోరికను ఎలా చూశాయన్నదే ఆయన జీవితకాలపు పని. కోరిక మనిషి తప్పు కాదు, బయటి నుంచి వచ్చి పడే జబ్బు అన్నట్టు వాటిలో ఉంటుందట. "పత్తిచేన్లకు పురుగును రైతు పిలుస్తడా బిడ్డా? గిది గూడ గంతే" అనేవారు. మేం పత్తిచేల పిల్లలం. గ్రీకు రాకపోయినా పురుగు సంగతి బాగా తెలుసు.

డిగ్రీ ఆఖరి సంవత్సరంలో గ్రీకు పద్ధతిలో ఒక నాటకం రాసి మాతో వేయించారు. కోరుకోకూడని వాణ్ని కోరుకుని, చెప్పలేక కుమిలిపోయే రాణి కథ. రాణి నేనే. గ్రీకు నాటకంలో ముఖం మీద ఇంకో ముఖం తగిలించుకునే ఆడతారట, అందుకని అందరికీ కాగితం ముఖాలు కావాలి. సార్ భార్యను మేమంతా అమ్మ అని పిలిచేవాళ్లం. చదువు రాని మనిషి, చేతిలో పని మాత్రం ఉంది. మన ఇళ్లలో గంపలు చేసినట్టే కాగితాలు నానబెట్టి, మెంతులు కలిపి రోట్లో దంచి, బోర్లించిన కుండ మీద మెత్తింది. లోపల గరుకు తగలకుండా సార్ చింపి ఇచ్చిన కాగితం ముక్కలు అతికించింది. "ఇన్ని కాగితాలు యాడియి?" అని అమ్మ అడిగితే, "పాత పరీక్ష పేపర్లు" అన్నారు సార్.

"మొకం కప్పితెనే మనిషి నిజం చెప్తడు" అని సార్ నాకు ఆ కాగితం ముఖం తొడిగి దారం కట్టారు. ఆయన అన్నట్టే అయింది. మా నాటకానికి డప్పు కొట్టినతను గోపాల్‌పేట నుంచి వచ్చి చదివేవాడు. వాళ్ల అమ్మానాన్నలు కూలికి పుణె పోతారు, ఆదివారం చర్చికి పోతారు. మా ఇంట్లో అతని పేరెత్తితే నన్ను చదువు మాన్పించేవాళ్లు. రాణి మాటలు చెబుతూ చెబుతూ, నాటకంలో లేని రెండు మాటలు అతని వైపు తిరిగి అనేశాను. చప్పట్లలో ఎవరూ పట్టించుకోలేదు. ఒక్క సార్ పట్టుకున్నారు.

మర్నాడు పక్కకు పిలిచి, "కోరస్ అంటె తెల్సు గద? మన వంతపాటోళ్లు. రాణి గుట్టు వాళ్లకు ఎరుకే, బయట పెట్టరు. నేను గూడ చెప్ప" అన్నారు. పరీక్షలయ్యాక అతను పుణె వెళ్లిపోయాడు. సార్ మాట నిలబెట్టుకున్నారు. ఆ తర్వాత కూడా ఆయన ముందు నేను తల దించుకోవాల్సిన అవసరం రాలేదు. ఆ ముఖం మాత్రం ఆయన గదిలో మేకుకు వేలాడుతూ, ఎప్పుడు వెళ్లినా నోరు తెరుచుకుని నావైపే చూసేది. నాకు భయంగా ఉండేది.

పదకొండో రోజు అమ్మ దాన్ని దించి నా చేతిలో పెట్టింది. "నీదే గద, తీస్కపో."

వెనక్కి తిప్పాను. కింది పెదవి దగ్గర అతుకు ఊడి, లోపలి పొర బయటపడింది. నీలం సిరా, సార్ చేతిరాత. "రాజోలి ఏటి ఒడ్డున నువ్వు ఎదురుచూస్తున్నావని తెలిసీ ఈ వారం కూడా రాలేకపోయాను." కింద ముక్క లేదు. ఎవరికో రాసి పంపని ఉత్తరం. నా పెదవులు ఆ రోజు సరిగ్గా దాని మీదే ఆడాయి. నా గొంతుతో ఆ మాటలు అన్నది నేనొక్కదాన్నేనా, సార్ కూడానా అన్నది ఇప్పటికీ నన్ను వదలడం లేదు.

"లోపట ఏందో రాసినట్టుంది. జర సదువు బిడ్డా" అంది అమ్మ.

ఊడిన పొరను బొటనవేలితో అదిమాను.

"ఏం లేదమ్మా. పరీక్ష పేపర్లు."

అమ్మ నా బొటనవేలి వైపు చూసింది. "ఆయన గూడ గట్లనే అంటుండె" అంది. "ఈడనే ఉండనియ్యి తియ్యి."

ముఖాన్ని నా చేతిలోంచి తీసుకుంది. కొంగుతో దాని పెదవుల మీది దుమ్ము తుడిచి, మళ్లీ అదే మేకుకు తగిలించింది.