కత్తెర పడని సినిమా

అమెరికాలోని అలబామాలో ఓట్లొచ్చాయంటే చాలు, డాక్యుమెంటరీలు తీసే వెర్లీన్ పోలింగ్ బూత్ ఎదురుగా రోడ్డు పక్కన కెమెరా నిలబెట్టి, వాన పడకుండా దానికి తన స్నానాల టోపీ తొడిగి, నోట్లో పిప్పరమెంటు వేసుకుంటుంది. ఇక కదలదు. నల్లవాళ్ల పేటలోని పోలింగ్ బూత్‌లన్నీ కౌంటీవాళ్లు మూసేసి ఒక్కటే మిగిల్చాక ఆమె తీసేది లైనునే. ఈసారి ఆ లైన్లో యులాలీ ముసలమ్మ మడతకుర్చీ వేసుకుని కూర్చుంది. మధ్యాహ్నం డయాలసిస్‌కు వేళయితే లేచి, "ఇదుగో, నా కుర్చీలో ఎవరన్నా కూర్చున్నారో, ఆదివారం చర్చిలో మీ పని చెప్తా!" అని ఆసుపత్రికి వెళ్లింది. లైను జరిగినప్పుడల్లా వెనకవాళ్లు ఖాళీ కుర్చీని కూడా ముందుకు జరిపారు. దీపాలు పెట్టేవేళకు కుర్చీ గుమ్మం చేరింది. ముసలమ్మ చేరలేదు.

అసలు లైన్లే లేవన్న కౌంటీ ఎన్నికల అధికారుల ముందు వెర్లీన్ ఆ కుర్చీ ప్రయాణాన్ని ఒక్క ముక్కా కోయకుండా మొదటినుంచీ తెరమీద వేసింది. చర్చివాళ్లు కోడివేపుడు డబ్బాలతో వచ్చి తీరిగ్గా కూర్చున్నారు. భోజనాలవేళ దాటాక పెద్ద అధికారి ఆవలించాడు.

"ఎంతసేపమ్మా ఈ కుర్చీ? కాస్త తగ్గించకూడదూ?"

వెర్లీన్ పిప్పరమెంటు ఈ బుగ్గనుంచి ఆ బుగ్గకు మార్చుకుంది.

"ముందు మీరు లైను తగ్గించండి సార్. తర్వాత నేను సినిమా తగ్గిస్తా."