పదకొండు పేర్ల సెలీనా

ప్రతి ఉదయం ఏడున్నరకు సెలీనా తన ముఖాన్ని తడిగుడ్డతో తుడుస్తుంది. తర్వాత పొడిగుడ్డతో మెరుగు పెడుతుంది. ఆ ముఖం హైటెక్ సిటీలోని ఒక ఐటీ కంపెనీ లాబీలో, రిసెప్షన్ బల్ల వెనక గోడకు వేలాడుతున్న ఆరడుగుల ఫొటోలో ఉంది. గాల్లోకి లేచిన మనిషి, వేళ్ల చివర బాస్కెట్‌బాల్. కింద ఇత్తడి పలక మీద: రోహిణి, సీనియర్ టెస్ట్ ఇంజినీర్, ఫైనల్‌లో ముప్పై ఒక్క పాయింట్లు.

ఫొటోలో ఉన్నది సెలీనా. తుడిచేదీ సెలీనా. పక్కపక్కనే ఉన్న ఆ రెండు ముఖాలనూ రోజూ రెండు వేల మంది దాటుకుంటూ పోతారు. ఫొటో మసకగా ఏమీ లేదు. హౌస్‌కీపింగ్ వాళ్ల నీలం యూనిఫాం పైన ఉండే ముఖాన్ని చూసే అలవాటే ఆ భవనంలో ఎవరికీ లేదు.

"నీకు కోపం రాదానే?" అని ఆమె తల్లి మరియమ్మ ఒకసారి అడిగింది. మరియమ్మ ముప్పై ఏళ్లు దవాఖానలో ఆయాగా పనిచేసిన మనిషి. కోపాన్ని ఎక్కడ దాచుకోవాలో ఆమెకూ తెలుసు.

"కోపమెందుకమ్మా? వేరేటోళ్ల ముఖమైతే గింత మంచిగ తుడుస్తనా?" అంది సెలీనా.

సెలీనా పుట్టి పెరిగింది బోరబండలో. ఇప్పుడు ముప్పై తొమ్మిదేళ్లు. ఎత్తు ఐదడుగుల పదకొండంగుళాలు. తండ్రి పోవడంతో ఇంటర్ మధ్యలోనే చదువు ఆగింది, దానితోపాటు కాలేజీ జట్టూ ఆగింది. ఇరవయ్యో ఏట హౌస్‌కీపింగ్‌లో చేరింది.

చేరిన మూడో నెలలో ఆఫీసు వెనక కోర్టులో బంతి రింగుకూ బోర్డుకూ మధ్య ఇరుక్కుంది. ఏడుగురు ఇంజినీర్లు దాన్ని దించడానికి బూట్లు విసురుతున్నారు. ఒక బూటు కూడా పైనే ఇరుక్కుంది. సెలీనా వచ్చి మాప్ కర్రతో పొడిచి రెంటినీ దించింది. బూటు ఇచ్చేసింది. బంతిని మాత్రం, ఒక చేతిలో మాప్ ఉండగానే, రెండో చేత్తో నిలబడ్డచోటు నుంచే వేసింది. అది నెట్ తప్ప దేన్నీ తాకలేదు.

మర్నాటి నుంచి ఆమె వృత్తి క్రీడాకారిణి. కాగితం మీద మాత్రం కాదు. ఐటీ కంపెనీల టోర్నమెంట్లలో ఉద్యోగులే ఆడాలి. హౌస్‌కీపింగ్ వాళ్లు కాంట్రాక్టరు మనుషులు కనుక, ఎన్నేళ్లు తుడిచినా ఆ గచ్చుకు పరాయివాళ్లే. అందుకని మ్యాచ్ ఉన్న రోజు ఎవరో ఒక ఉద్యోగిని కార్డు తెచ్చి సెలీనా మెడలో వేసేవారు. ఆమెకు ఇచ్చే ఆట కూలి బిల్లులో 'ప్రత్యేక శుభ్రత' అని పడేది. ఎక్కువ మ్యాచ్‌లు గెలిచిన నెలలో ఆ ఆఫీసు కాగితాల మీద అద్దంలా మెరిసేది.

కాంట్రాక్టరు ఆ ఐటీ కారిడార్‌లో ఆరు కంపెనీలకు మనుషులను పంపేవాడు. సంగతి ఆరింటికీ పాకింది. బాస్కెట్‌బాల్‌తో మొదలై త్రోబాల్, వాలీబాల్, కబడ్డీ, తాడు లాగుడు, క్యారమ్స్ దాకా వెళ్లింది. పందొమ్మిదేళ్లలో పదకొండు పేర్లతో ఆడింది. జ్వరంతో ఆడింది, పన్ను పీకించుకున్న సాయంత్రం ఆడింది, ఒక్క మ్యాచ్ కూడా వదల్లేదు. ఒకసారి పొరపాటున చదరంగానికి పంపారు. గుర్రం ఎటు నడుస్తుందో ఆమెకు తెలియదు. కదలకుండా పావుగంట బోర్డునే చూస్తూ కూర్చుంది. ఎదుటి అమ్మాయి బెదిరిపోయి డ్రాకు ఒప్పుకుంది.

కార్డు మీద ఫొటో ఐదడుగుల గుండ్రటి మనిషిది కావచ్చు, మెడ మాత్రం సెలీనాది. ఈ తేడా రిఫరీ ఈశ్వరయ్యకు కనిపించేది కాదు. ఆయన మూసాపేటలో ఉండే రిటైర్డ్ డ్రిల్లు మాస్టారు. "కార్డు ఉండాలె అన్నరు, ఉన్నది. మెడల ఉండాలె అన్నరు, మెడలనే ఉన్నది. ముఖం చూడమని రూల్ల లేదు బిడ్డా," అనేవాడు.

2016లో కాంట్రాక్టరు సెమీఫైనల్లోని రెండు జట్లకూ సెలీనాను పంపుతానని మాటిచ్చాడు. మొదటి సగం ఆమె ఎర్ర జెర్సీలో కరుణగా ఆడింది. ఎర్ర జట్టు పద్నాలుగు పాయింట్ల ముందంజలో ఉంది. విరామంలో జెర్సీ మార్చుకుని పసుపు జట్టులో రేఖగా దిగింది. చివరికి పసుపు జట్టు ఒక్క పాయింటు తేడాతో నెగ్గింది. ఉత్తమ క్రీడాకారిణి కరుణా రేఖా అన్నది తేలక ఇద్దరికీ చెరొక జ్ఞాపిక ప్రకటించారు. రెండూ సెలీనాయే తీసుకుంది. రెండోసారి వేదిక ఎక్కేముందు మళ్లీ జెర్సీ మార్చుకుంది. జ్ఞాపికలు మాత్రం ఎప్పటిలాగే కార్డుల వాళ్ల ఇళ్లకు వెళ్లాయి.

"నువ్వే గెల్చినవ్, నువ్వే ఓడినవ్. ఇగ ఇంటికి పో, ఎవలతోని కొట్లాడుతవ్?" అన్నాడు ఈశ్వరయ్య.

ఇదంతా నవ్వుతాలుగానే సాగిపోయేది, బాచుపల్లిలోని ఒక బడి ఆడపిల్లల జట్టుకు కోచ్ కోసం వెతక్కపోతే. పోయిన ఏడాది జూలైలో సెలీనా అక్కడికి వెళ్లింది. గంటసేపు పిల్లలను ఆడించింది. తిరిగి వస్తుంటే పిల్లలు గేటు దాకా వచ్చి "రేపొస్తవా మేడం?" అని అడిగారు. పందొమ్మిదేళ్లలో కోర్టు మీద ఆమెను మేడం అని పిలవడం అదే మొదలు. వాళ్ల మెడల్లో కార్డులు లేవు, ఆమె మెడలోనూ లేదు.

ప్రిన్సిపాల్ అబ్రహాం మంచి మనిషే. "మీరు ఆడగలరని నా కళ్లతో చూశానమ్మా. కానీ మా కమిటీకి కళ్లుండవు, ఫైలు ఉంటుంది. డిగ్రీ లేకపోయినా ఆట అనుభవం ఉంటే చాలన్నారు. మీరు ఆడిన జట్లలోని వాళ్ల సంతకాలతో మూడు ఉత్తరాలు తెండి. వచ్చే జూన్‌లో బడి తెరిచేదాకా ఆ కుర్చీ ఖాళీగా ఉంచుతాను," అన్నాడు.

సెలీనా తన కంపెనీ హెచ్‌ఆర్ మేనేజర్ రంగనాథ్ దగ్గరికి వెళ్లింది. పదేళ్లుగా జట్టును నడుపుతున్నదీ ఆయనే.

"లెటరా? సిస్టంలో నీ పేరే లేదు సెలీనా. ప్లేయర్స్ లిస్ట్ చూడు, ఎక్కడన్నా ఉన్నావా?"

"మీరే కద సార్ కార్డు ఏసింది?"

"కార్డు వేశాను. పేరు వేయలేదుగా! ఆగస్టులో ఫైనల్ ఉంది, మనసు పాడు చేసుకోకు."

ఈశ్వరయ్యను అడిగింది. ఆయన తలవంచుకున్నాడు. "ముఖం చూడలేదని ఇన్నేండ్లు చెప్పినోణ్ని. ఇప్పుడు చూసిన్నని ఎట్ల రాయాలె?"

ఆగస్టు ఫైనల్‌కు రోహిణి కార్డు ఇచ్చారు. రోహిణి కాకినాడ నుంచి వచ్చి మూసాపేటలో ఉంటున్న ఇంజినీరు. రెండేళ్లుగా ఆమె కార్డుతోనే సెలీనా ఆడుతోంది. ఆ వారం రోహిణి ప్రసూతి సెలవులో ఉంది. ఆఫీసుకు రాని మనిషి కార్డు కన్నా క్షేమమైనది ఇంకేముంటుంది?

రోహిణికి మంగళవారం పాప పుట్టింది. గురువారం సాయంత్రం ఐదు యాభైకి గేటు దగ్గరి యంత్రంలో రోహిణి కార్డు నమోదైంది. రాత్రి ఎనిమిదికి రోహిణి ముప్పై ఒక్క పాయింట్లు చేసింది. శుక్రవారం ఉదయం, ఇంకా దవాఖాన మంచం మీదే ఉన్న రోహిణికి మెయిల్ వచ్చింది: 'మీరు విధులకు హాజరైనట్టు నమోదైంది. ప్రసూతి సెలవును మీరే ఉపసంహరించుకున్నట్టు భావిస్తున్నాం. సోమవారం తొమ్మిదింటికి రండి. గెలుపునకు అభినందనలు.'

ఆమె రంగనాథ్‌కు ఫోన్ చేసింది. ఆయన ఓపికగా విన్నాడు.

"మేడం, ఆడలేదంటే ట్రోఫీ పోతుంది, ఆడానంటే లీవ్ పోతుంది. మధ్యే మార్గంగా, ఆ గంటన్నర మాత్రం ఆడారని, మిగతా టైమంతా బాలింతగానే ఉన్నారని రాద్దాం. హాఫ్ డే కట్ చేస్తే సరిపోతుంది. అన్నట్టు, వచ్చే నెల మహిళా శక్తి మీద మీరొక టాక్ ఇవ్వాలి."

"మీకేమైనా బుద్ధుందాండీ?" అంది రోహిణి. ఉద్యోగంలో చేరాక ఆమె అన్న మొదటి గట్టి మాట అది.

ప్రసవమైన ఆరు వారాల లోపు తెలిసి తెలిసీ ఏ స్త్రీ చేతా పని చేయించకూడదని చట్టం చెబుతోంది. ఈ ఒక్క వాక్యం రాసి పంపగానే అరగంటలో సెలవు తిరిగి వచ్చింది. అంతటితో రోహిణి ఊరుకుని ఉండవచ్చు. ఊరుకోలేదు. పాపను చూడటానికి సెలీనా మూసాపేట వెళ్లిన రోజు, ఒళ్లో పాపను పెట్టుకునే రెండు కాపీలు రాసింది: రెండేళ్లుగా నా పేరుతో ఆడింది నేను కాదు, సెలీనా.

"కార్డయితే ఇచ్చాను గానీ మీ ఆట ఒక్కటీ చూళ్లేదండి. క్షమించండి. ఇంకేమైనా రాయాలా?"

సెలీనా కాగితాన్ని రెండుసార్లు చదివింది. "ఇంటిపేరు గూడ రాయుండ్రి మేడం. బందెల."

రోహిణి ఒక కాపీ కంపెనీకి పంపింది, రెండోది సెలీనా చేతికిచ్చింది. కంపెనీ విచారణ కమిటీ వేసింది. నలభై రోజుల తర్వాత కమిటీ తేల్చింది: రోహిణి దవాఖానలో ఉన్న మాట నిజం, ఫైనల్ ఆడింది రోహిణి అన్న మాటా నిజం, రెండు రికార్డులూ సక్రమంగానే ఉన్నాయి. ట్రోఫీ ఎక్కడికీ పోలేదు. ఫొటో గోడెక్కింది.

సెలవు ముగిసి వచ్చిన రోహిణి, పలక మీద తన పేరు తీసేయమని ఫిర్యాదు పెట్టింది. అది మూడు విభాగాలు తిరిగి హౌస్‌కీపింగ్‌కు వచ్చింది, అంటే సెలీనాకే. పలక విప్పాలంటే ఉద్యోగి ఒకరు సంతకం చేయాలి. రోహిణి సంతకానికి సిద్ధపడింది. ఫిర్యాదు పెట్టినవారే సంతకం చేయకూడదన్నారు.

మార్చిలో రంగనాథ్ కొత్త కార్డుతో వచ్చాడు. "ఈసారి నువ్వు సక్కుబాయివి. డేటా టీమ్."

"నేను సెలీననే సార్. గా పేరు మీదైతే ఆడుతా."

"ఆ పేరుతో ఎలా ఆడతావ్? రూల్స్ ఒప్పుకోవు."

"అయితే ఫికర్ చేయకుండ్రి. నేను కూసోని చూస్త."

పందొమ్మిదేళ్లలో ఆమె ఆడని మొదటి మ్యాచ్ అది. జట్టు ముప్పై మూడు పాయింట్ల తేడాతో ఓడింది. సెలీనా మెట్ల మీద కూర్చుని పల్లీలు తింటూ చూసింది. మ్యాచ్ అయ్యాక రాలిన పొట్టు ఊడ్చింది.

ఆమె దగ్గర ఉన్నది ఒక్క ఉత్తరం. కావలసినవి మూడు. జూన్ దగ్గర పడింది.

మిగిలిన పేర్ల వాళ్లు ఈ మాట చదువుతున్నారనే నా నమ్మకం. రేఖ గారూ, కరుణ గారూ, మీ ఇళ్లలో అలమరపైన మీరు ఆడని ఆటల కప్పులున్నాయి. మీ పిల్లలు వాటిని చూపించి మా అమ్మ గెలిచింది అంటుంటే మీరు మాట మారుస్తూ ఉండి ఉంటారు. ఉద్యోగానికేమవుతుందోనన్న భయం నాకు తెలుసు. రోహిణి పచ్చి బాలింతగా రాసింది, ఇవాళ్టికీ అదే సీటులో పని చేస్తోంది. మీరు చేయవలసింది చిన్న పని. ఒక తెల్ల కాగితం తీసుకోండి. ఫలానా ఏడాది, ఫలానా ఆట, నా కార్డుతో ఆడింది బందెల సెలీనా అని రాసి, కింద ఈసారి మీ పేరు మీరే పెట్టండి. మే నెలాఖరులోగా ఆమెకు అందించండి. చిరునామా కోసం వెతకక్కర్లేదు. ఉదయం ఏడున్నరకు ఆ లాబీకి వెళ్లండి. ఫొటోలో మనిషి ఫొటో పక్కనే, చేతిలో గుడ్డతో నిలబడి ఉంటుంది. ముఖం చూస్తే గుర్తుపడతారు.