కోటు లోపల గూడు

"రేపు రండి" అనని దర్జీ ఉంటాడంటే నమ్ముతారా? నమ్మాలి మరి! మా వీధిలో అందరూ అత్తమ్మ అని పిలిచే దర్జీ జన్మలో ఆ మాట అనలేదు. చెప్పిన రోజుకి బట్టలు మడతపెట్టి ఇచ్చేసేది. అంత నిక్కచ్చి మనిషికీ ఒక పిచ్చి ఉంది, గొంగళిపురుగుల పిచ్చి. పెరటి నిమ్మచెట్టు మీద కందిరీగల పాలబడకుండా వాటిని ఏరుకొచ్చి, బూట్ల అట్టపెట్టెల్లో పెట్టి, పైన వలగుడ్డ కట్టి, పూటపూటా లేతాకులు మేపేది. రెక్కలొచ్చి సీతాకోకచిలుకలయ్యాక బయటికి వదిలేసేది.

"మనుషులకి వండేసరికే నా తలప్రాణం తోకకొస్తోంది, మళ్లీ వీటికి మేతా!" అని కోడలు సణిగేది. కుట్టుపనిలో అత్తగారికి కుడిభుజం ఆ పిల్లే, కానీ పురుగు కనిపిస్తే ఆమడ దూరం పరిగెత్తేది.

ఒకరోజు పొద్దున్నే కోడలు ఇస్త్రీపెట్టె వేడిచేసి, వారంగా కొక్కేనికి వేలాడుతున్న కోటు దించింది. కుట్టించుకున్న కుర్రాడు మధ్యాహ్నం బండికి ఉద్యోగం ఇంటర్వ్యూకి వెళ్లాలి. కోటు తిప్పి చూస్తే ఏముంది, లైనింగుకి అతుక్కుని గూడు! పెట్టెలోంచి తప్పించుకున్న పురుగొకటి అక్కడ కాపురం పెట్టింది. గూడు నల్లబడి, లోపలి రెక్కల మీది పసుపు మచ్చలు కనిపిస్తున్నాయి.

"అత్తయ్యా, కొంప మునిగింది!"

అత్తమ్మ వచ్చి గూడు మీదికి వంగి చూసింది. "ఇవాళో రేపో బయటికొచ్చేదే ఇది. పీకితే చస్తుంది, ఇస్త్రీ చేస్తే ఉడికిపోతుంది. కోటు ఇవ్వకపోతే నా మాట పోతుంది."

ఆవిడ కళ్లల్లో నీళ్లు కోడలు చూడటం అదే మొదలు. మరుక్షణం అత్తమ్మ కళ్లు తుడుచుకుని, కత్తెర తీసుకుని, గూడు చుట్టూ అరచేతి మేర లైనింగు కత్తిరించి కిటికీ తెరకి పిన్నుతో గుచ్చింది. కానీ అతుకేద్దామంటే ఆ రంగు గుడ్డ ఇంట్లో జానెడైనా లేదు.

కోడలు లోపలికెళ్లి, ఒక్కసారీ తొడగని, అదే రంగు సాటిన్ జాకెట్టు తనది తెచ్చింది. "కొయ్యండి."

"నీకేమన్నా పిచ్చా?"

"ఈ ఇంట్లో నాకొక్కదానికే లేదనుకున్నా. ఇప్పుడు పట్టుకుంది."

అతుకు పడింది, ఇస్త్రీ అయింది. "కోటు నేనే ఇచ్చొస్తా. కోసిన సంగతి నా నోటితో నేనే చెప్పాలి," అంది అత్తమ్మ. చెప్పకపోతే ఎవరికి తెలుస్తుంది? అయినా వెళ్లింది. మనిషంటే అలా ఉండాలి!

ఆవిడ వీధి మలుపు తిరిగిందో లేదో గూడు చిట్లింది. ముడతల రెక్కల ప్రాణి ఒకటి తడితడిగా బయటికొచ్చి, పట్టు జారి తెర అంచుకి వేలాడింది. కింద పడితే రెక్కలు పాడైపోతాయి. కోడలు పళ్లు బిగించి వేలు అడ్డం పెట్టింది. అది ఎక్కి కూర్చుంది. రెక్కలు ఆరేదాకా, చెయ్యి తిమ్మిరెక్కినా కదలలేదు మహాతల్లి! తర్వాత కిటికీలోంచి చెయ్యి చాపితే అది నిమ్మచెట్టు మీదుగా వెళ్లిపోయింది.

అత్తమ్మ తిరిగొచ్చింది. "ఆ అబ్బాయి నవ్వేసి తొడుక్కున్నాడే!" అంటూనే తెర వైపు చూసింది. గుడ్డముక్క మీద ఖాళీ పొట్టు ఉంది.

"ఎగిరిపోయిందా?"

"నా వేలు మీంచే, అత్తయ్యా."

అత్తమ్మ చెప్పులైనా విప్పకుండా గడపలో కూర్చుని, కోడల్ని చెయ్యి పట్టి పక్కన కూర్చోబెట్టుకుంది. "ఎలా ఎగిరిందో మొదట్నుంచీ చెప్పు."

కోడలు చెప్పింది.

"మళ్లీ చెప్పు," అంది అత్తమ్మ.