అమ్మ పేరు పలికిన పటం కథ

1982 ఎండాకాలంలో నేను వరంగల్‌లో ఎం.ఏ. చదువుతున్నాను. పాతకాలపు కావ్యాల్లో పెళ్లికాని తల్లుల బిడ్డలకు ఏపాటి గౌరవం దక్కిందన్నది నా వ్యాసం. ఈ విషయమే ఎందుకని మా సారు అడిగితే ఏదో చెప్పి తప్పించుకున్నాను. మా అమ్మకు పెళ్లి కాలేదని ఆయనతో ఎలా చెప్పను? చదివి చదివి బుర్ర వేడెక్కింది. అలాంటి ఒక రాజు కొడుకు కథను బొమ్మల పటం విప్పి చెప్పేవాళ్లు వర్ధన్నపేట పక్క ఊళ్లో దిగారని విని, అమ్మను బతిమాలి బయల్దేరదీశాను.

పొద్దున ఆరున్నర బస్సెక్కాం. ఖమ్మం రోడ్డు మీద గంట ప్రయాణం, ఇద్దరికీ కలిపి నాలుగు రూపాయలు కూడా కాలేదు. దిగి అరగంట నడిచాం. ఎనిమిదింటికి పందిరి కింద పటం విప్పారు. ముగ్గురు మనుషుల పొడవున్న గుడ్డ, ఎర్రటి రంగు మీద వందల బొమ్మలు. నోరు తెరుచుకుని చూస్తుండిపోయాను. విందు బొమ్మలో ఆ కొడుకు గడప బయట వేలెడంత ఉన్నాడు. యుద్ధం బొమ్మలో ఏనుగంత ఉన్నాడు. కథ చెప్పే పెద్దాయన కర్రతో చూపించి, "పీట ఇయ్యనోళ్లే, దండు మీదికొస్తె కత్తి ఇచ్చిండ్రు. అప్పుడు యాదికొచ్చింది, వీడు రాజు బిడ్డని!" అన్నాడు. నా నలభై పేజీలు ఆ ఒక్క మాట ముందు తేలిపోయాయి.

కథయ్యాక బియ్యం పోసినవాళ్లను తండ్రి పేరుతో సహా అందరూ వినేలా దీవించడం వాళ్ల ఆనవాయితీ. ముందే తెలిస్తే అమ్మను తీసుకెళ్లేదాన్ని కాదు. అప్పటికే మేమూ శేరు బియ్యం పోశాం. మా వంతు వచ్చింది.

"మీ నాయిన పేరేంది బిడ్డా?"

అమ్మ నా చెయ్యి పట్టి లాగింది. "బస్సుకు టైమైతాంది, పోదాం పా."

"జర ఆగమ్మా," అని పెద్దాయన వైపు తిరిగాను. "తాతా, అమ్మ పేరు చెప్తె నడుస్తదా?"

ఆయన మా ఇద్దరినీ చూశాడు. "ఎందుకు నడ్వది? పొద్దుగాల సంది కథల ఆ పిలగాన్ని తల్లి పేరుతోనే పిలుస్తలేనా? చెప్పు."

అమ్మే చెప్పింది, వినీ వినపడనట్టు. "లచ్చమ్మ."

మద్దెల మోగింది. "లచ్చమ్మ బిడ్డ సల్లగుండాలె!" అని మూడుసార్లు పలికాడు. పందిరి కింద జనమంతా "ఉండాలె" అన్నారు.

కావ్యాల్లో ఆ బిడ్డలకు గౌరవం దక్కాలంటే చావో యుద్ధమో రావాలి. ఇక్కడ శేరు బియ్యంతో దక్కింది. అంత చదువూ చదివి, అది నేను ఊహించలేకపోయాను.

మీరూ వెళ్లేటట్టయితే కోతలయ్యాక వెళ్లండి, బియ్యం వెంట ఉంచుకోండి. దీవెన దగ్గర ఏ పేరు చెప్పాలో ముందే ఇంట్లో మాట్లాడుకోండి. మేం ఇరవై రెండేళ్లు మాట్లాడుకోలేదు. తిరుగు బస్సులో మొదలుపెట్టాం.